మెట్ట తాబేలూ, మన పొలం గట్టూ



ప్రతిసారీ విత్తనం గురించో, యెరువు గురించో, పురుగుమందు గురించో చెప్పే మనిషి యీ పూట తాబేలు కథ యెత్తుకున్నాడేమిటని మీరనుకోవచ్చు. తాబేలు పాలివ్వదు, నాగలి లాగదు. ఐనా దాని చరిత్ర మన మెట్ట భూముల చరిత్రతో ముడిపడి వున్నది. అందులో మన తప్పు కొంత వున్నది. దిద్దుకొనే వుపాయమూ మన చేతిలోనే వున్నది. అందుకని కాసేపు ఓపికతో ఆలకించండి.

ముందు హైదరాబాదులోని బంజారా హిల్స్ సంగతి చెబుతాను. అమీర్‌పేట దాటి, పంజాగుట్ట కూడలి మీదుగా పైకి వెడితే నేల మెల్లమెల్లగా యెత్తెక్కుతుంది. నేడు అక్కడ మేడలు, ఆసుపత్రులు, పెద్ద దుకాణాలు. వాటి సందుల్లో అక్కడక్కడ ఒకదాని మీద ఒకటి పేర్చినట్లు గుండ్రాళ్ళు కనిపిస్తాయి. అవి సుమారు 250 కోట్ల సంవత్సరాల నాటి నల్లరాతి శిలలు. నూరేళ్ళ క్రిందట యీ గుట్టలలో రాళ్ళు, ముళ్ళపొదలు, గడ్డి దుబ్బులు తప్ప పెద్ద కట్టడాలు లేవు.

పేరు చూసి యిది బంజరు నేల గనుక బంజారా అయిందనుకోకండి. బంజరు వేరు, బంజారా వేరు. బంజారాలంటే మన లంబాడీ సోదరులు. యెడ్ల మీద ధాన్యమూ, వుప్పూ వేసుకొని దక్కను అంతా తిరిగి, రాజుల సైన్యాలకు సైతం గింజలు చేరవేసినవారు. రైలు వచ్చాక ఆ వర్తకం పడిపోయింది. వారు నివసించిన గుట్టలు గనుక ఆ పేరు నిలిచింది. వారి పశువులకు ఆ గడ్డే మేత, వారి పొయ్యికి ఆ కంపే వంటచెరకు.

1930 ప్రాంతాలలో నవాబు మెహదీ నవాజ్ జంగ్ అనే నిజాం ప్రభుత్వాధికారి అక్కడ ఇల్లు కట్టుకున్నారు. గుండ్లను పగలగొట్టకుండా వాటిని ఇంటిలోనే కలుపుకొని కట్టారని ఆ యింటికి పేరు వచ్చింది. ఆయనే తరువాత 1960లో గుజరాత్ రాష్ట్రానికి మొదటి గవర్నరు అయ్యారు. ఆయన వెనుక వచ్చినవారందరికీ ఆ ఓపిక లేకపోయింది. గుండ్లు పగిలి కంకర అయినవి. పొదలు పోయి ప్రహరీలు లేచినవి. చివరకు 1996లో రాళ్ళను కాపాడుకొందామని నగరంలో ఒక సంఘం పుట్టింది. 1998లో మాజీ ముఖ్యమంత్రి కాసు బ్రహ్మానందరెడ్డి గారి పేరిట మిగిలిన అడవిని జాతీయ పార్కుగా ప్రకటించారు. నాలుగు వందల ఎకరాలకు లోపే అది. నెమలీ, అలుగూ, ముళ్ళపందీ ఆ గోడల మధ్య మిగిలాయి.

దీంట్లో మనకేమి పాఠం? ముళ్ళనేలను దేనికీ పనికిరానిదని తలచినన్నాళ్ళూ పోగొట్టుకున్నాం. గోడ కట్టదగినంత మాత్రమే మిగిలినాక దాని విలువ తెలిసింది. బస్తీవాళ్ళు చేసిన యీ పొరపాటునే పల్లెల్లో మనం కొంచెం కొంచెంగా చేస్తున్నాము. అందుకు సాక్షి మెట్ట తాబేలు.

దీన్ని నక్షత్ర తాబేలు అంటారు. నల్లని డిప్పమీద పసుపుపచ్చని చారలు చుక్కల్లాగ విచ్చుకొని వుంటాయి. చేతిలో పెట్టి చూస్తే నగ మాదిరి మెరుస్తుంది. యెండిన గడ్డిలో పెడితే మాత్రం కంటికి ఆనదు. ఆ చారలు గడ్డి నీడల్లో కలిసిపోతాయి. దాని రక్షణ అంతా అందులోనే వున్నది. గుజరాత్, రాజస్థాన్, సింధు మెట్టలలో ఒక తెగ, ఆంధ్ర, కర్ణాటక, తమిళ దేశాలలో ఒక తెగ, సింహళంలో ఒక తెగ వున్నాయి. మన తెలుగు నేల మీద రాయలసీమ మెట్టలు దీనికి పుట్టిల్లు.

గడ్డి, ఆకు, పువ్వు, రాలిన పండు, నాగజెముడు, యివే దీని ఆహారం. వేసవిలో పొద్దున్నా సాయంత్రమూ మేసి, యెండ వేళ పొద కింద పడుకుంటుంది. వాన పడితే దానికి పండుగ. పగలంతా తిరుగుతుంది, జత కడుతుంది. ఆడది మగదానికంటె పెద్దది. నేలను తన మూత్రంతో తడిపి మెత్తపరచి, వెనుక కాళ్ళతో గుంట తవ్వి, సాధారణంగా రెండు మొదలు ఆరు వరకు గుడ్లు పెట్టి మట్టి కప్పి పోతుంది. పిల్లలు బయటికి రావడానికి నెలలు పడుతుంది. పుట్టిన పిల్ల నిమ్మకాయ కన్న చిన్నది. అది పెరిగి గుడ్లు పెట్టే యీడుకు రావడానికి యేండ్లు కావాలి. అందుకే ఒక పెద్ద తాబేలు పోతే ఆ లోటు తీరడం కష్టం.

ఇప్పుడు నా తప్పు ఒకటి చెప్పాలి. డిప్లొమా చదివి కొత్తగా వుద్యోగంలో చేరిన రోజులు. మదనపల్లె వైపు మా మేనమామ గారి వూరికి పోయాను. తొలకరి వాన పడింది. శనగచేను దున్నుతుంటే పిల్లకాయలకు గట్టు దగ్గర తాబేలు దొరికింది. దాన్ని తాడుకట్టి ఆడిస్తున్నారు. నేను వాళ్ళను మందలించి, జీవాన్ని కాపాడుతున్నాననే గర్వంతో దాన్ని తీసుకుపోయి మోటబావిలో వదిలాను. తాబేలంటే నీళ్ళలో వుండేదేగదా అని నా చదువు. అది రెండు మూడుసార్లు కాళ్ళు ఆడించి మునిగింది. మళ్ళీ తేలలేదు.

మా మామ పరుగున వచ్చి చూసి, "యెంత పని చేస్తివి అల్లుడూ! అది మెట్ట తాబేలు. దానికి ఈత యాడొస్తుంది?" అన్నాడు. నాకు నోట మాట రాలేదు. ఆయన బడి ముఖం యెరుగని మనిషి. పురుగుల పేర్లన్నీ వల్లించిన నాకు నా కాళ్ళ దగ్గరి ప్రాణి సంగతి తెలియలేదు. విస్తరణ అధికారి చెప్పడానికే కాదు, వినడానికి కూడా పల్లెకు పోవాలని ఆనాడు తెలిసింది.

నాది తెలియక చేసిన తప్పు. తెలిసి చేసేవారు వేరే వున్నారు. ఇంట్లో తాబేలు వుంటే అదృష్టమని కొందరు, అందంగా వుందని విదేశాల్లో కొందరు దీన్ని కొంటారు. అందుకోసం గుట్టల్లో యేరించి, సంచుల్లో, పెట్టెల్లో కుక్కి దేశం దాటిస్తారు. 2015లో ప్రచురితమైన ఒక పరిశోధన ప్రకారం మన దేశంలోని ఒక్క వ్యాపార కేంద్రం నుంచే యేడాదికి కనీసం 55,000 నక్షత్ర తాబేళ్ళు పోతున్నాయి. సింగపూరులో పట్టుబడి తిరిగివచ్చిన కొన్ని తాబేళ్ళ పుట్టుక యెక్కడిదో తేల్చడానికి హైదరాబాదులోని సి.సి.ఎం.బి. శాస్త్రజ్ఞులు జన్యుపరీక్ష చేసి, 2006లో ఫలితాలు ప్రకటించారు. యే తెగది యే నేలదో తెలియకుండా పట్టుబడినవాటిని తోచినచోట వదిలితే తెగలు కలగాపులగం అవుతాయి. సంచిలోకి పోయిన తాబేలు మళ్ళీ తన గట్టుకు చేరడం అంత కష్టం.

చట్టమేమో గట్టిగానే వున్నది. 1972 వన్యప్రాణి రక్షణ చట్టం దీన్ని పట్టడం, అమ్మడం నిషేధించింది. 2019లో ప్రపంచ దేశాలు జెనీవాలో కూడి దీని అంతర్జాతీయ వ్యాపారాన్ని అత్యంత కఠిన నిషేధపు పట్టికలో చేర్చాయి. 2022 సవరణతో మన చట్టంలోనూ మొదటి షెడ్యూలుకు యెక్కింది. నేరం రుజువైతే మూడేళ్ళ నుంచి యేడేళ్ళ వరకు జైలు. కాని చట్టం దొంగను పట్టగలదు గాని, పొదను నాటలేదు. ఆ పని భూమి గలవాడిదే.

ఈ మాటకు అమెరికా నుంచి ఒక వుదాహరణ చెబుతాను. ఆ దేశపు ఆగ్నేయ రాష్ట్రాల్లో గోఫర్ తాబేలు అని ఒకటున్నది. అది యిసుక నేలలో పదిహేను అడుగుల పొడుగు బొరియ తవ్వుతుంది. పాములు, కప్పలు, యెలుకలు, పురుగులు కలిసి 350కి పైగా జాతులు ఆ బొరియల్లో తలదాచుకుంటాయని లెక్కించారు. అది బ్రతికే పొడుగాకు దేవదారు అడవులు ఒకప్పుడు సుమారు 9 కోట్ల ఎకరాలు. కలపకూ, సాగుకూ పోయి నూటికి అయిదు వంతులకన్న తక్కువ మిగిలినవి. మిగిలిన తావుల్లో అధిక భాగం సర్కారుది కాదు, సొంతదార్లది. అందుచేత అక్కడి ప్రభుత్వం రైతుల, భూస్వాముల సాయం కోరక తప్పలేదు.

ఐతే పరదేశపు పద్ధతిని కళ్ళు మూసుకొని దింపుకోరాదు. అక్కడ అడవిలో అదుపుగా నిప్పు పెట్టడం గోఫర్ తాబేలుకు మేలు. పొదలు తగ్గి గడ్డి మొలుస్తుంది. మంట వచ్చినప్పుడు అది బొరియలోకి దూరిపోతుంది. మన నక్షత్ర తాబేలు బొరియ తవ్వదు. గడ్డి దుబ్బులో తల ముడుచుకొని కూర్చుంటుంది. గట్టుకు నిప్పు పెడితే అది అక్కడే కాలిపోతుంది. అదే తాబేలు జాతి, అదే నిప్పు. ఒకచోట మందు, మరొకచోట మృత్యువు.

ఇక మనం చేయదగిన పనులు చెబుతాను.

ఒకటి. వేసవిలో గట్లకూ, బీళ్ళకూ నిప్పు పెట్టకండి. వయ్యారిభామ వంటి కలుపు వుంటే పూతకు రాకముందే పీకివేయండి. రేగు, తంగేడు, బలుసు పొదలను అక్కడక్కడ వుండనివ్వండి. పొద వుంటే అడవిపందులు చేరవా అని మీరడుగుతారు. న్యాయమైన ప్రశ్నే. పంది దాగేది మనిషెత్తు దట్టపు కంపలో. మోకాలెత్తు పొదలు విడివిడిగా వుంటే దానికి చాటు దొరకదు, తాబేలుకు దొరుకుతుంది. పురుగులను తినే సాలీళ్ళూ, పిట్టలూ ఆ పొదల్లోనే కాపురముంటాయి గనుక పంటకూ లాభమే.

రెండు. తొలకరి దుక్కిలో గట్టు వారగా ట్రాక్టరు పోనిచ్చే ముందు ఒకసారి నడిచి చూడండి. గట్టును అంచుదాకా కొరికి దున్నకండి. గుడ్లు వుండేదీ, వాన నీటికి మట్టి కోసుకుపోయేదీ అక్కడే.

మూడు. తాబేలు కనిపిస్తే యింటికి తేకండి. బావిలో, చెరువులో వదలకండి, నాలాగ పుణ్యమనుకొని పాపం మూటగట్టుకోకండి. దారికి అడ్డంగా వుంటే అది యెటు పోతున్నదో ఆ పక్కకే చేర్చి వదిలేయండి. కొనడానికి యెవరైనా వస్తే అటవీశాఖవారికి కబురు చేయండి.

విస్తరణ మిత్రులకు ఒక మనవి. గట్లు శుభ్రంగా వుండాలని మనం యెన్నో సభల్లో చెప్పాము. శుభ్రమంటే బోడిచేయడం కాదని యిక మీదట చెబుదాము.

బంజారా హిల్స్‌లో మిగిలిన అడవి చుట్టూ గోడ కట్టగలిగారు. రాయలసీమ మెట్టలన్నిటి చుట్టూ యే సర్కారూ గోడ కట్టజాలదు. అక్కడ వున్నది మీ గట్టే. మా మామ యిప్పటికీ తన చేను తూర్పు గట్టు మీది రేగుపొదను కొట్టనివ్వడు. నిరుడు వానలకు ఆ పొద కింద నిమ్మకాయంత పిల్లను చూశానని ఫోనులో చెప్పాడు. పట్టుకున్నావా మామా అని అడిగాను. "ఎందుకు పట్టేది? దాని యింట్లో అది వుండాది" అన్నాడు.