ఇష్టపూర్వకంగా వదులుకున్న ప్రమోషన్

1998లో ఆఫీసులో కూర్చుని ఒక కాగితం రాశాను. సీనియర్ అసిస్టెంటు ప్రమోషన్ నాకు అక్కర్లేదనీ, ఎవరి ఒత్తిడీ లేకుండా ఇష్టపూర్వకంగా వదులుకుంటున్నాననీ దాని సారాంశం. చేతిరాత నాది. మాటలు మా సూపరింటెండెంటు గారివి. ఆయన చెబుతుంటే నేను రాశాను.

మాది అచ్చంపేట. అప్పటి గుంటూరు జిల్లా, 2022 నుంచి పల్నాడు. పోలియోతో నా ఎడమకాలు చచ్చుబడింది. మాదిపాడు రేవులో బల్లకట్టు ఎక్కి కృష్ణ దాటడమే పెద్ద ప్రయాణంగా పెరిగిన నాకు ప్రభుత్వోద్యోగం వస్తే ఇంట్లో పండగ చేసుకున్నారు. డిపార్టుమెంటు పరీక్షలన్నీ పాసయ్యాను. ప్రమోషన్ వచ్చే సెక్షను మేడమీద ఉండేది. "మెట్లెక్కలేవు, క్యాంపులు తిరగలేవు. నీ మంచికే చెబుతున్నానమ్మా" అన్నారాయన. "ఉన్న ఉద్యోగం చాలదా తల్లీ" అన్నాడు నాన్న. ఇద్దరిదీ ప్రేమే. ఆ ప్రేమలో ఒక్కరికీ సెక్షన్ని కిందికి దించొచ్చన్న ఆలోచన రాలేదు. నిజం చెప్పాలంటే నాకూ రాలేదు.

నేను ఆ కాగితం రాసేనాటికి చట్టం వచ్చి రెండేళ్లు దాటింది. 1995 వికలాంగుల చట్టం 1996 ఫిబ్రవరి 7న అమల్లోకి వచ్చింది. కేవలం వైకల్యం కారణంగా ఎవరికీ ప్రమోషన్ నిరాకరించకూడదని దాని 47వ సెక్షన్ చెప్పింది. నాకెవరూ నిరాకరించలేదు కదా! నేనే వద్దన్నాను. మన రాష్ట్ర సర్వీసు నిబంధనల్లో 28వ రూలు ప్రకారం ఉద్యోగి తన హక్కును రాతపూర్వకంగా వదులుకోవచ్చు. అది ప్రజాప్రయోజనానికి విరుద్ధమా కాదా అన్నదే అధికారి చూడాలి. ఆ కాగితం ఎవరి ఇష్టంతో పుట్టిందో అడగమని రూలు చెప్పదు.

రిజర్వేషన్ కథ ఇంకోలా నడిచింది. 1992 నాటి మండల్ తీర్పును చూపించి, పై స్థాయి ఉద్యోగాల్లో వికలాంగులకు ప్రమోషన్ రిజర్వేషన్ కుదరదని కేంద్రం వాదిస్తూ వచ్చింది. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 2011 అక్టోబరులో జి.ఓ. 42 ద్వారా ప్రమోషన్లలో 3 శాతం ఇచ్చారు. 2016 జూన్ 30న, ప్రసార భారతి ఇంజనీర్ల కేసులో, జస్టిస్ చలమేశ్వర్ ఉన్న ధర్మాసనం కేంద్రం వాదన చెల్లదంది. కులం ఆధారంగా ఇచ్చే రిజర్వేషన్‌కి పెట్టిన హద్దు వికలాంగులకు వర్తించదని తేల్చింది. 2020లో ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం దాన్నే ఖాయం చేసింది.

వీటన్నిటిలో నేను మళ్లీ మళ్లీ చదివేది 2021 జూన్ 28 నాటి లీసమ్మ జోసెఫ్ తీర్పు. ఆమెకూ పోలియోనే. సర్వీసులో ఉన్న అన్న చనిపోతే 1996లో కేరళ పోలీసు శాఖలో కారుణ్య నియామకం కింద టైపిస్టుగా చేరింది. నువ్వు వికలాంగుల కోటాలో రాలేదు కాబట్టి ఆ కోటాలో ప్రమోషన్ అడగకూడదంది ప్రభుత్వం. ఏ దారిన వచ్చినా హక్కు హక్కేనంది సుప్రీంకోర్టు. వికలాంగులకు అనువైన పోస్టులు గుర్తించలేదన్న సాకూ ఒప్పుకోలేదు. మూడు నెలల్లో గుర్తించి అమలు చేయమంది. కారుణ్యం పేరుతో ఉద్యోగం పొందిన స్త్రీ, దయ చాలు, హక్కు కావాలని కోర్టుదాకా వెళ్లింది! నేను సంతకం పెట్టినచోట ఆమె పెట్టలేదు.

అయినా చట్టాల్లో మనం ఎక్కడున్నాం? 2016 చట్టం ఉద్యోగాల్లో కోటాను 4 శాతానికి పెంచింది. భూమి, ఇళ్ల కేటాయింపుల్లో వికలాంగ స్త్రీలకు ప్రాధాన్యం ఇవ్వమంది. ఉద్యోగాల సెక్షన్‌లో మాత్రం స్త్రీ ప్రస్తావన లేదు. ఇల్లు ఇచ్చేటప్పుడు గుర్తొచ్చిన మనిషి కుర్చీ ఇచ్చేటప్పుడు గుర్తు రాలేదు.

నాకు ఆ ప్రమోషన్ ఆరేళ్లు ఆలస్యంగా వచ్చింది. ఆ తేడా జీతంలో కనబడింది, సీనియారిటీలో కనబడింది, ఇప్పుడు పెన్షన్లోనూ కనబడుతోంది. కానీ నా ఫైలు తిరగేసిన వాళ్లకు కనబడేది "ఇష్టపూర్వకంగా" అన్న మాటొక్కటే. స్త్రీల చరిత్ర రాసేవాళ్లం ఆ మాట దగ్గర కాస్త ఆగాలి. తీర్పుల్లోకెక్కిన వాళ్లు కొద్దిమంది. ఇలాంటి కాగితాల కింద పడి ఉన్నవాళ్లు ఎంతమందో!

మొన్న మా ఊరి అమ్మాయి ఫోన్ చేసింది. ఆమె చేతికర్రతో నడుస్తుంది. "పెద్దమ్మా, నాట్ విల్లింగ్ రాసిమ్మంటున్నారు. మేడమీద సెక్షనట" అంది. ప్రమోషన్ తీసుకుంటున్నానని రాయమన్నాను. 2016 చట్టం 20వ సెక్షన్ ప్రకారం తగిన వసతి కల్పించడం ఆఫీసు బాధ్యత కాబట్టి తన సీటు కింది అంతస్తులో వేయమని కూడా రాయమన్నాను. ఆమె రాసి, ఇన్‌వర్డు నంబరు వేయించుకుంది. జవాబింకా రాలేదు. ఆ కాగితంలో చేతిరాతా, మాటలూ రెండూ ఆమెవే.