చలనచిత్రాలు, టెలివిజన్‌లో ఫ్రాంజ్ బెకెన్‌బావర్

ఫ్రాంజ్ బెకెన్‌బావర్ (1945 సెప్టెంబరు 11 – 2024 జనవరి 7) జర్మనీకి చెందిన సుప్రసిద్ధ ఫుట్‌బాల్ క్రీడాకారుడు, శిక్షకుడు. పశ్చిమ జర్మనీ జట్టు 1974లో ఇతని నాయకత్వంలోను, 1990లో ఇతని శిక్షణలోను ప్రపంచ కప్ గెలుచుకున్నది. క్రీడాకారుడిగాను, శిక్షకుడిగాను ప్రపంచ కప్ సాధించిన ముగ్గురిలో ఇతడొకడు. మిగిలినవారు బ్రెజిల్‌కు చెందిన మారియో జగాలో, ఫ్రాన్స్‌కు చెందిన దిదియే దేషాం. అభిమానులు ఇతనిని 'కైజర్' (చక్రవర్తి) అని పిలిచేవారు. ఈ బిరుదు దేశమంతటా స్థిరపడటంలో మైదానంతో పాటు వెండితెరకు, టెలివిజన్‌కు కూడా పాత్ర ఉన్నది.

ప్రకటనలు

బెకెన్‌బావర్ మ్యూనిక్ నగరంలో జన్మించాడు. 1966 ప్రపంచ కప్ పోటీలతో ఇతని పేరు దేశమంతటా వ్యాపించింది. అదే సంవత్సరం క్నోర్ సంస్థ వారి సూప్ ప్రకటనలో నటించాడు. ఒక పాట రికార్డును కూడా వెలువరించాడు. ఇతని వ్యవహారాలను రాబర్ట్ ష్వాన్ చూసేవాడు. క్రీడాకారుని ముఖం, పేరు కూడా విలువైన సరుకులేనని జర్మనీలో ముందుగా గుర్తించినవారిలో ష్వాన్ ఒకడు. 2006 ప్రపంచ కప్ సందర్భంగా వచ్చిన అడిడాస్ ప్రకటనలో యువకుడైన బెకెన్‌బావర్ రూపాన్ని కంప్యూటర్ సాయంతో పునఃసృష్టించి, నాటి ఆటగాళ్ళతో కలిపి చూపారు.

చలనచిత్రాలు

1973లో విగ్‌బర్ట్ వికర్ దర్శకత్వంలో వచ్చిన 'లిబెరో' చిత్రంలో బెకెన్‌బావర్ తన పాత్రను తానే పోషించాడు. వాస్తవ జీవితాన్ని, కల్పిత కథను కలిపి తీసిన చిత్రమిది. రక్షణ పంక్తి వెనుక స్వేచ్ఛగా కదిలే ఆటగాడిని లిబెరో అంటారు. అక్కడి నుండి బంతితో ముందుకు సాగి దాడిని నడిపించే పద్ధతికి బెకెన్‌బావర్ ప్రసిద్ధుడు కనుక ఆ పేరు అతనికి తగినదే.

ఇతడు 1977లో అమెరికాకు వెళ్ళి న్యూయార్క్ కాస్మోస్ జట్టులో పెలేతో కలిసి ఆడాడు. ఆ జట్టు చరిత్రపై 2006లో వచ్చిన 'వన్స్ ఇన్ ఎ లైఫ్‌టైమ్' అనే డాక్యుమెంటరీలో తన జ్ఞాపకాలను వివరించాడు.

టెలివిజన్

1994లో బాయర్న్ మ్యూనిక్ జట్టుకు శిక్షకుడిగా ఉన్నపుడు జడ్.డి.ఎఫ్. ఛానల్ వారి క్రీడా కార్యక్రమంలో పాల్గొన్నాడు. రెండు రంధ్రాలున్న చెక్క గోడ గుండా బంతిని తన్నడం ఆ కార్యక్రమానికి వచ్చిన అతిథులకు పెట్టే పరీక్ష. బెకెన్‌బావర్ బంతిని బీరు గ్లాసుపై నిలిపి, అక్కడి నుండి తన్ని రంధ్రంలోకి పంపాడు. జర్మన్ టెలివిజన్‌లో తరచుగా పునఃప్రసారమయ్యే దృశ్యాలలో ఇదొకటి. తరువాత ప్రీమియర్ (అనంతరం స్కై) ఛానల్‌లో అనేక సంవత్సరాలు వ్యాఖ్యాతగా పనిచేశాడు.

ఇతరులు పోషించిన పాత్రలు

1972లో బ్రిటిష్ హాస్య బృందం మాంటీ పైథాన్ జర్మన్ టెలివిజన్ కోసం తత్త్వవేత్తల ఫుట్‌బాల్ పోటీ అనే హాస్య ఘట్టాన్ని నిర్మించింది. ఇందులో ప్రాచీన గ్రీకు తత్త్వవేత్తల జట్టు, కాంట్, హెగెల్, నీషే మొదలైనవారున్న జర్మన్ జట్టుతో తలపడుతుంది. జర్మన్ జట్టులో తత్త్వవేత్త కాని ఒకే ఒక్కడు బెకెన్‌బావర్. ఆ పాత్రను వేరొకరు ధరించారు. చిత్రీకరణ జరిగిన మ్యూనిక్‌లోని గ్రూన్‌వాల్డర్ స్టేడియం అతడు నిజంగా ఆడిన మైదానమే.

2022లో స్కై సంస్థ 'డెర్ కైజర్' అనే జీవితకథా చిత్రాన్ని విడుదల చేసింది. ఇందులో క్లౌస్ స్టైన్‌బాఖర్ బెకెన్‌బావర్‌గా నటించాడు.

ప్రతిష్ఠ, వివాదం

2006 ప్రపంచ కప్ నిర్వహణ సంఘానికి బెకెన్‌బావర్ అధ్యక్షుడు. జోంకె వోర్ట్‌మన్ తీసిన డాక్యుమెంటరీ పేరులోని 'వేసవి అద్భుతగాథ' అనే మాట ఆ పోటీలకే మారుపేరైంది. 2015లో 'డెర్ ష్పీగెల్' పత్రిక ఆ పోటీలకు సంబంధించి 67 లక్షల యూరోల చెల్లింపుపై ఆరోపణలు ప్రచురించింది. ఓట్లు కొన్నారన్న ఆరోపణను బెకెన్‌బావర్ ఖండించాడు. స్విట్జర్లాండ్‌లో నడిచిన కేసు గడువు తీరిపోవడంతో 2020లో తీర్పు లేకుండానే ముగిసింది. ఆరోపణ రుజువు కాలేదు. అయితే న్యాయస్థానం అతనిని నిర్దోషిగా ప్రకటించనూ లేదు. అర్ధశతాబ్దం పాటు తెరపై రూపుదిద్దుకున్న ప్రతిష్ఠకు ఈ వివాదంతో మచ్చ ఏర్పడింది.