మాస్కో ఏకమైన కాలం, దక్కను చీలిన కాలం: షోలాపూర్ సరిహద్దు పూర్వకథ

పదిహేనవ శతాబ్దం ఉత్తరార్ధంలో, ఒకదాని సంగతి మరొకదానికి దాదాపుగా తెలియని రెండు రాజ్యాలు ఒకే చిక్కులో పడ్డాయి. యుద్ధానికి ఆశ్వికులు కావాలి, వారిని పోషించడానికి ప్రభువు భూమి ఇవ్వాలి, ఇచ్చిన భూమి సర్దారుల చేతిలో వంశపారంపర్య బలంగా మారి తిరిగి ప్రభువు మీదికే రాకుండా చూసుకోవాలి. ఓల్గా, ఓకా నదుల నడుమ ఉన్న మాస్కో సంస్థానం ఈ చిక్కును విప్పుకొని రెండు తరాలలో ఇరుగుపొరుగు రాజ్యాలను తనలో కలుపుకొంది. బీదరు నుంచి దక్కనును ఏలిన బహమనీ రాజ్యం విప్పుకోబోయి, ఆ పనికి పూనుకొన్న మంత్రినే చంపుకొని, ముక్కలైంది.

ఈ రెండు లోకాలనూ కళ్లారా చూసిన మనిషి ఒకడున్నాడు. అతడు అఫనాసి నికితిన్, మాస్కోకు చిరకాల ప్రత్యర్థి అయిన త్వేర్ నగరపు వర్తకుడు. ఓల్గా మీదుగా దిగువకు సాగి, అస్త్రఖాన్ దగ్గర తాతారుల దోపిడీకి గురై, పర్షియా దాటి, హోర్ముజ్‌లో ఓడ ఎక్కి చౌల్ రేవులో దిగిన ఇతడు 1470 ప్రాంతంలో బహమనీ రాజ్యంలో కొన్నేళ్లు గడిపాడు. వెంట తెచ్చిన సరుకు ఒక్క గుర్రం. జున్నరులో అక్కడి ఖాన్ ఆ గుర్రాన్ని పట్టుకొని, మతం మారితే గుర్రంతో పాటు వెయ్యి బంగారు నాణేలు ఇస్తానన్నాడు. ఖొరాసాన్ దేశస్థుడొకడు మధ్యవర్తిగా నిలిచి విడిపించిన తరువాత నికితిన్ దానిని బీదరులో అమ్ముకొన్నాడు. ఆళందలో షేక్ అలావుద్దీన్ పేరిట ఏటా జరిగే సంతకు 20,000 గుర్రాల దాకా అమ్మకానికి వస్తాయని అతడు రాసిపెట్టాడు. ఆ ఆళంద షోలాపూర్ నుంచి కుంభారి మీదుగా అక్కల్‌కోటకు పోయే దారికి ఆవల, నేటి కర్ణాటక సరిహద్దులో ఉంది. హిందూ మిత్రులతో కలిసి శివరాత్రికి అతడు వెళ్లిన ‘పర్వతం’ మన శ్రీశైలమేనని పండితులు గుర్తించారు. సామాన్యులు కటిక పేదరికంలో ఉండగా ప్రభువులు వైభవంలో ఓలలాడుతున్నారని అతడు గమనించిన తీరు, వర్తకుడి చూపు ఎంత నిశితమో చెబుతుంది. తిరుగు ప్రయాణంలో, అప్పటికి లిథువేనియా పాలనలో ఉన్న స్మొలెన్స్క్ చేరకముందే అతడు మరణించగా, అతడి రాతప్రతి 1475లో మాస్కో రాజోద్యోగి ఒకరికి చేరి, అక్కడి రాజవృత్తాంతాలలో భద్రమైంది.

నికితిన్ బయలుదేరిన నాటికి త్వేర్ స్వతంత్ర సంస్థానం. అతడు మరణించిన పదేళ్లకు అది లేదు. 1462 నుంచి 1505 దాకా మాస్కోను ఏలిన మూడవ ఇవాన్ 1478లో నోవ్గొరోద్ వర్తక గణరాజ్యాన్ని, 1485లో త్వేరును కలుపుకొన్నాడు. నోవ్గొరోద్ పౌరసభను పిలిచే గంటను దించి మాస్కోకు తరలించడం చాలామందికి తెలిసిన ఘట్టమే. దానికన్నా లోతైన మార్పు ఆ తరువాతి పదేళ్లలో, చప్పుడు లేకుండా జరిగింది. నోవ్గొరోద్ భూస్వాములను వేల సంఖ్యలో పెకలించి దూరప్రాంతాలకు పంపి, వారి నేలను మాస్కోకు కొలువు చేసే ఆశ్వికులకు పంచారు. దీనినే ‘పొమెస్త్యే’ అన్నారు: సేవ ఉన్నంతవరకే అనుభవించదగిన, అమ్ముకోవడానికి వీలులేని భూమి. పొందినవాడికి ఆ ఊరిలో వేళ్లు లేవు గనుక అతడి బలమంతా ప్రభువు దయలోనే ఉంది.

పొరుగువారి తగాదాలను వాడుకోవడంలోనూ మాస్కో అంతే నేర్పు చూపింది. 1480లో ఉగ్రా నది ఒడ్డున మహా గుంపు అనబడే తాతారు రాజ్యపు ఖాన్ అహ్మద్‌కు ఎదురు నిలిచి, కప్పం కట్టే రోజులు పోయాయని చాటినప్పుడు, ఇవాన్‌కు అండగా ఉన్నది మరొక తాతారు ప్రభువు, క్రిమియా ఖాన్ మెంగ్లీ గిరాయ్. ఓకా తీరాన కాసిమోవ్‌లో తాతారు రాకుమారులకు మాస్కో ప్రభువులే చోటిచ్చి, వారి ఆశ్వికులను తమ యుద్ధాలలో నడిపించారు. పరాయివారిని సరిహద్దులో నిలిపి కొలువుకు కట్టుకోవడం మాస్కోకు చేతనైంది.

బీదరులో ఆ పనే కుదరలేదు. పర్షియా, మధ్య ఆసియాల నుంచి వచ్చిన ఆఫాకీలకూ స్థానిక దక్కనీలకూ మధ్య వైరం దర్బారును చీల్చివేసింది. ప్రధాని మహమూద్ గవాన్ గీలాన్ నుంచి వచ్చినవాడు, అంటే ఆఫాకీ. అయినా రెండు పక్షాలకూ పదవులు సమంగా పంచజూశాడు. తరఫ్‌లు అనే నాలుగు పెద్ద రాష్ట్రాలను ఎనిమిదిగా విడగొట్టగా, తెలంగాణ తరఫ్ వరంగల్లు, రాజమండ్రి భాగాలుగా మారింది. ఒక్కొక్క తరఫ్‌దారు చేతిలో ఒకే కోట మిగిల్చి, తక్కినవాటిని సుల్తాను నియమించిన కిల్లేదారులకు అప్పగించాడు, భూమిని కొలిపించాడు. ఇవాన్ నోవ్గొరోదులో తలపెట్టినదానికీ దీనికీ ఉద్దేశంలో తేడా లేదు. కానీ ఇవాన్ తానే ప్రభువు. గవాన్ ప్రభువు నమ్మకం మీద నిలిచిన ఉద్యోగి. ఒరిస్సా గజపతికి రాసినట్లు పుట్టించిన దొంగ ఉత్తరాన్ని నమ్మి, సుల్తాను మూడవ మహమ్మద్ 1481 ఏప్రిల్‌లో కొండపల్లి విడిదిలో అతడి తల తీయించాడు. పదేళ్లు తిరగకముందే బిజాపూర్, అహ్మద్‌నగర్, బేరార్ తరఫ్‌దారులు స్వతంత్రులయ్యారు.

ఆ చీలిక భారం షోలాపూర్ కోట మీద పడింది. బిజాపూర్ ఆదిల్‌షాహీలకూ అహ్మద్‌నగర్ నిజాంషాహీలకూ నడుమ ఉన్న ఆ కోటను 1524లో బిజాపూర్ రాకుమారి మరియంకు కట్నంగా ఇస్తామని ఒప్పుకొని ఇవ్వకపోవడంతో మొదలైన పోరు తరాలపాటు సాగింది. చివరికి అహ్మద్‌నగర్ రాకుమారి చాంద్ బీబీని ఆదిల్‌షాకు ఇచ్చి పెళ్లి చేసినప్పుడు అదే కోట కట్నంగా బిజాపూర్‌కు చేరి, 1565లో విజయనగరంపై యుద్ధానికి ఇద్దరినీ ఒకటి చేసింది. ఆ మధ్యకాలంలోనే మాస్కో 1552లో కజాన్‌ను, 1556లో అస్త్రఖాన్‌ను గెలిచి ఓల్గా పొడవునా నిలిచింది.

మాస్కో గెలుపును మెచ్చుకొనేవారు దాని ఖరీదును కూడా చూడాలి. పొమెస్త్యే పొందిన ఆశ్వికుడికి పొలం ఒక్కటే చాలదు, దున్నే రైతు కదలకుండా ఉండాలి. అందుకే 1497 నాటి ధర్మశాసనం, రైతు యజమానిని విడిచిపోవడాన్ని శరదృతువు చివర వచ్చే సెయింట్ జార్జి పండుగకు ముందు ఒక వారం, తరువాత ఒక వారం మాత్రమే అనుమతించింది. 1649 నాటి శాసనం ఆ దారిని కూడా పూర్తిగా మూసేసింది. దక్కనులో ఏ ప్రభువూ అంతటి పట్టు సాధించలేకపోయాడు. పన్ను బరువైతే మగ్గం విప్పుకొని పొరుగు రాజ్యానికి పోవడం నేతగాడి చేతిలో ఉన్న ఆయుధం. కొత్త పేటలలో స్థిరపడే సాలెలకు పన్ను రాయితీలు ఇచ్చిన శాసనాలు విజయనగర కాలం నుంచీ ఉన్నాయి. రాజ్యాల చీలిక యుద్ధాన్ని తెచ్చింది, దానితో పాటు పోవడానికి మరొక చోటునూ మిగిల్చింది.

రష్యాలో రైతు దాస్యం రద్దయినది 1861లో. అంతకు ఏడాది ముందు రైలు షోలాపూర్ చేరింది, 1877లో అక్కడ నూలుమిల్లు వెలసింది, నిజాం ఏలుబడిలోని తెలంగాణ జిల్లాల నుంచి పద్మశాలి కుటుంబాలు చాలావరకు ఆ కాలంలోనే తరలివచ్చి నగరపు తూర్పు పేటలలో మగ్గాలు నాటుకొన్నాయి. షోలాపూర్ చద్దరుకు పేరు తెచ్చింది ఆ మగ్గాలే. మగవారు మగ్గం మీద, ఆడవారు బీడీల చాట ముందు పనిచేసి అద్దె గదులలో తరాలు గడిపిన ఈ కుటుంబాల కోసం కుంభారిలో 2006లో 10,000 ఇళ్ల కాలనీ ఏర్పడింది. దాని దాపునే రాయ్‌నగర్ పేరిట తలపెట్టిన 30,000 ఇళ్లలో 15,000 ఇళ్లను 2024 జనవరిలో కార్మికులకు అప్పగించారు.