ధరకూ పన్నుకూ మధ్య గీత: క్లేర్ స్పాటిస్‌వుడ్ ఉద్యోగ జీవితం, మల్దకల్ మోటార్లు

తెలంగాణలోని మల్దకల్ మండలంలో సీడు పత్తి వేసే రైతుకు లైన్‌మన్ తెలుసు, ఏఈ తెలుసు, ట్రాన్స్‌ఫార్మర్ కాలితే ఎవరి చుట్టూ తిరగాలో తెలుసు. విద్యుత్ నియంత్రణ మండలి ఊసెత్తినవాళ్లు మాత్రం నా క్షేత్రపర్యటనలో దాదాపు కనబడలేదు. 2004 నుంచి మోటారుకు కరెంటు ఉచితమే కదా, ఆ మండలితో రైతుకేం పని అనవచ్చు. నా అనుమానం వేరు. మండలి పీఠంపై ఏ చదువు చదివినవారు కూర్చుంటారన్న దానికీ ఈ అపరిచయానికీ సంబంధం ఉంది.

మన పరిశోధకులు ఈ వైపు చూడలేదు. నవ్‌రోజ్ దుబాష్, డి. నరసింహారావు 2007లో ఆంధ్రప్రదేశ్, కర్ణాటక, ఢిల్లీ మండళ్లపై వెలువరించిన అధ్యయనమే ఇప్పటికీ చాలామందికి ప్రమాణం. బయటి నుంచి తెచ్చి నాటిన సంస్థను స్థానిక రాజకీయం మలుచుకుంటుందన్నది వారి వాదన. 2000 ఆగస్టు 28న బషీర్‌బాగ్‌లో కరెంటు ఛార్జీల పెంపుపై నిరసన తెలిపినవారి మీద పోలీసులు కాల్పులు జరిపిన సంగతి తెలిసినవారెవరూ ఆ వాదనను కాదనరు. కానీ సర్వం సంస్థకూ సందర్భానికీ రాసిచ్చేస్తే, కుర్చీలోని మనిషి పొందిన శిక్షణకు మిగిలేదేమిటి?

నాటిన మొక్క ఎక్కడిదో అక్కడికే వెళ్దాం. మన విద్యుత్ సంస్కరణలకు ప్రపంచబ్యాంకు అప్పుతోపాటు బ్రిటన్ సాయమూ అందింది. ఆ బ్రిటన్‌లో 1993 నుంచి 1998 దాకా గ్యాస్ నియంత్రణ సంస్థ ఆఫ్‌గ్యాస్‌ను నడిపినది క్లేర్ స్పాటిస్‌వుడ్. కేంబ్రిడ్జ్‌లో గణితం, అర్థశాస్త్రం, యేల్‌లో మళ్లీ అర్థశాస్త్రం చదివారు. ఆర్థికశాఖలో ఆర్థికవేత్తగా చేసి, తర్వాత సొంత వ్యాపారాలు నడిపారు. 1996లో బ్రిటిష్ గ్యాస్ కంపెనీ పైపులైన్ల విభాగం ట్రాన్స్‌కో ఛార్జీల్లో అయిదో వంతు కోత పెట్టాలన్నారు. బ్రిటిష్ గ్యాస్ భగ్గుమంది. వివాదం గుత్తాధిపత్యాల కమిషన్‌కు వెళ్తే, 1997లో అది ఇంచుమించు ఆమె చెప్పిన కోతనే ఖాయం చేసింది.

ఆమె పేరు చెప్పగానే అందరూ ఎత్తేది ఈ కోతనే. నాకు అంతకంటే విలువైనది ‘ఇ-ఫ్యాక్టర్’ వ్యవహారం. ఇంధన పొదుపు పథకాల ఖర్చును గ్యాస్ బిల్లుల్లో కలిపి వసూలు చేసే ఏర్పాటు అది. దాన్ని విస్తరించాలని ప్రభుత్వం ఆశించింది. ఆమె ఒప్పుకోలేదు. అది ధర కాదు, పన్ను. పన్ను వేసే అధికారం ఎన్నికైనవారిదే గాని నియంత్రకులది కాదన్నారు. పర్యావరణవాదులు దుమ్మెత్తిపోశారు, ఆ సొమ్మును నమ్ముకున్న ఇంధన పొదుపు ట్రస్టు ఆశలు తలకిందులయ్యాయి. అయినా ధర ఎక్కడ ఆగుతుందో, పన్ను ఎక్కడ మొదలవుతుందో గీత గీసి చూపడం అర్థశాస్త్రం ఒంటబట్టినవారికే సాధ్యం.

మన 2003 విద్యుత్ చట్టం సెక్షన్ 65లో ఉన్నదీ ఆ గీతే. ఎవరికైనా రాయితీ ఇవ్వదలచిన ప్రభుత్వం ఆ సొమ్ము ముందుగా చెల్లించాలి. మల్దకల్ మోటారుకు ఉచితం సర్కారు నిర్ణయం, దాని ఖరీదు కట్టడం మండలి పని. ఖరీదు కట్టాలంటే ఎంత కరెంటు కాలిందో తెలియాలి. పొలాల్లో మోటార్లకు మీటర్లుండవు. ఎంపిక చేసిన ట్రాన్స్‌ఫార్మర్ల మీటర్లను బట్టి విద్యుత్ పంపిణీ సంస్థ (డిస్కం) అంచనా వేస్తుంది. 2018 జనవరి 1 నుంచి ఇరవైనాలుగు గంటల సరఫరా వచ్చాక ఆ అంచనా బరువు ఇంకా పెరిగింది. స్పాటిస్‌వుడ్ చేతికింద ఉన్నది మీటరున్న గ్యాస్ అన్న అభ్యంతరం సబబే. కానీ లెక్క లేనిచోటే లెక్క అడిగేవారు ఎక్కువ కావాలి. అర్థశాస్త్రజ్ఞురాలు పీఠంలో ఉండి ఉంటే పంపుసెట్ల లెక్క ఏనాడో తేలేది, మండలి పేరు మల్దకల్ రైతు నోట నానేది.

తెలంగాణ మండలికి ఇస్మాయిల్ అలీ ఖాన్, టి. శ్రీరంగారావు, 2024లో జస్టిస్ దేవరాజు నాగార్జున్ చైర్మన్లయ్యారు. ముగ్గురూ పురుషులే. న్యాయరంగం నుంచి ఒక సభ్యుడు తప్పనిసరని సుప్రీంకోర్టు 2018లో చెప్పింది గాని, చైర్మనే న్యాయమూర్తి కావాలనలేదు. ఈసారి ఖాళీ వచ్చినప్పుడు ఎంపిక సంఘం సెక్షన్ 84లోని అర్హతల జాబితాలో అర్థశాస్త్రం కూడా ఉందన్నది గమనించాలి.