ఆ ముఖం ఎవరిది?

సినిమా ఎడిటింగ్ గురించిన పుస్తకాల్లో కులెషోవ్ ప్రయోగం తప్పకుండా ఉంటుంది. ఒక నటుడి ముఖం. దాని తర్వాత ఒకసారి సూప్ గిన్నె, ఒకసారి శవపేటిక, ఇంకోసారి చిన్నపిల్ల. ముఖం అదే. చూసినవాళ్ళకు మాత్రం ఆలోచన, దుఃఖం, మురిపెం కనపడ్డాయని పుదోవ్‌కిన్ రాశాడు. చాన్నాళ్ళు నేనూ ఇది చెప్పి, "చూశారా, నటన ఏమీ లేదు, అంతా కత్తెరే" అనేవాణ్ణి. ఆ ముఖం ఎవరిదో కనుక్కోవాలని మాత్రం తోచలేదు.

అతను ఇవాన్ మొజూఖిన్. 1889లో పెన్జా ప్రాంతంలో పుట్టాడు. లా చదువు మానేసి నాటకాల్లోకి వెళ్ళాడు. 1913లో స్టారెవిచ్ గోగోల్ కథను సినిమాగా తీస్తే అందులో దయ్యం వేషం వేశాడు. టాల్‌స్టాయ్ కథతో ప్రొతజానొవ్ తీసిన 'ఫాదర్ సెర్గియస్' 1918లో వచ్చింది. అందులో యువరాజుగా కనపడి, ముసలి సన్యాసిగా మిగులుతాడు. మోహాన్ని గెలవడానికి గొడ్డలితో వేలు నరుక్కునే ఘట్టం చూశాక, నా పాత మాటకు నాకే సిగ్గేసింది.

1920లో దేశం వదిలి ఫ్రాన్స్ చేరాడు. అక్కడ పెద్ద తార అయ్యాడు, దర్శకత్వమూ చేశాడు. హాలీవుడ్ వెళ్ళి ఒక్క సినిమాతో వెనక్కొచ్చాడు. టాకీలొచ్చాక యాస అడ్డమైంది. 1939లో, యాభై నిండకుండానే, క్షయతో పోయాడు.

కులెషోవ్ ప్రయోగం తాలూకు ఫిల్ము ఇప్పుడు లేదు. 'ఫాదర్ సెర్గియస్' ఉంది. లేనిదాన్ని గురించి ఇన్ని పాఠాలు చెప్పుకున్నాం కదా, ఉన్నదాన్ని ఒకసారి చూద్దాం.