వికారాబాదు, తాండూరు: రెండు వైపుల సాక్ష్యం

తెలంగాణ రైతాంగ సాయుధ పోరాటం గురించి కళ్లారా చూసినవాళ్లు చెప్పిన మాటలు మనకు దాదాపు తూర్పు దిక్కు నుంచే వచ్చాయి. 1946 జూలై 4న కడవెండిలో దొడ్డి కొమరయ్య నేలకొరగడం, పాలకుర్తిలో ఐలమ్మ తన పంట కోసం విసునూరు దేశముఖుకు ఎదురు నిలవడం బడిపిల్లలకూ తెలుసు. తెలియవలసినవే. కానీ అదే నిజాం రాజ్యంలో, అదే ఏళ్లలో, 1874లో పడిన సికింద్రాబాదు–వాడి రైలుమార్గం వెంట వికారాబాదు, తాండూరు జనం ఏం చూశారో, ఏం భరించారో చెప్పే పుస్తకం కోసం వెతికితే చేయి ఖాళీగానే వస్తుంది. అక్కడ నల్లగొండలో ఉన్నంతగా దళాలు లేవు కదా, అడగడానికి ఏముందని కొందరంటారు. ఆ మాటతోనే నాకు పేచీ. తుపాకి పట్టినవాళ్ల జ్ఞాపకం ఒక్కటే తిరుగుబాటుకు సాక్ష్యం కాదు. తిరగబడలేని ఊళ్లు ఎందుకు తిరగబడలేకపోయాయో, ఆ తర్వాత వచ్చిపడ్డ దెబ్బ ఎవరి మీద పడిందో చెప్పేదీ సాక్ష్యమే.

ఈ ప్రాంతపు రాత ఆధారాలు పలచబడడానికి కారణాలున్నాయి. వికారాబాదు పేరే పాయిగా (నిజాం కొలువులో పెద్ద జాగీర్లున్న వంశం) ప్రభువు వికారుల్ ఉమ్రాది. ఆయన 1893 నుంచి 1901 దాకా నిజాముకు ప్రధానమంత్రి. రాజ్యంలో సుమారు మూడో వంతు భూమి జాగీర్ల కింద ఉండేది, పెద్ద పాయిగాలకు తమ రెవెన్యూ, తమ కచేరీలు వేరే. 1949లో జాగీర్లు రద్దయ్యేదాకా అక్కడి రైతు మొర సర్కారు దస్త్రం దాకా వెళ్లడమే అరుదు. తాండూరు మాటకొస్తే అది 1956 దాకా గుల్బర్గా జిల్లాలో తాలూకా. రాష్ట్రాల పునర్విభజనలో తాలూకా ఇటు వచ్చింది, జిల్లా చరిత్ర అటు కన్నడ వైపు ఉండిపోయింది. అన్నిటికీ మించి వెట్టి. దొర ఇంటికి కుండలు ఊరికే చేసిచ్చిన కుమ్మరికి, గిర్దావరు మూటలు నెత్తిన పెట్టుకుని పక్క ఊరిదాకా మోసిన మాదిగకు ఎవరూ రశీదు ఇవ్వలేదు. కూలి లేని పనికి లెక్క ఉండదు, లెక్క లేని పనికి కాగితం ఉండదు. అలాంటి చోట మనిషి నోటిమాటను పక్కన పెడితే చరిత్రకారుడి చేతిలో మిగిలేది దొరల వంశావళి మాత్రమే.

ఏళ్లు గడిచాక చెప్పిన జ్ఞాపకాన్ని ఎలా నమ్మాలి? న్యాయమైన ప్రశ్నే. తేదీలు తారుమారవుతాయి, ఇతరుల నుంచి విన్నది తాము చూసినట్టే అనిపిస్తుంది. అందుకే సాక్షిని ఏం అడగాలో ముందు తెలిసి ఉండాలి. పుచ్చలపల్లి సుందరయ్య 1972లో రాసిన పోరాట చరిత్రలో మూడు వేల గ్రామాలు, పది లక్షల ఎకరాలు, నాలుగు వేల మంది అమరులు అన్న లెక్కలున్నాయి. 1986లో స్త్రీశక్తి సంఘటన తెచ్చిన ‘మనకు తెలియని మన చరిత్ర’లో లెక్కలు తక్కువ. కానీ అడవిలో దళంతో తిరుగుతూ కన్న బిడ్డను ఇతరులకు ఇచ్చేయవలసి వచ్చిన కమలమ్మ మాట అక్కడ ఉంది. దాదాపు నలభై ఏళ్ల తర్వాత చెప్పినంత మాత్రాన అది చెల్లకుండా పోతుందా? తారీఖు మరిచిపోవచ్చు, బిడ్డను ఇచ్చేసిన సంగతి ఎవరు మరుస్తారు? ఐర్లండు ప్రభుత్వం ఇదే నమ్మకంతో 1947లో ఒక కార్యాలయం తెరిచి, పదేళ్లలో 1,773 వాంగ్మూలాలు రాయించుకుంది. 1916 నాటి డబ్లిన్ తిరుగుబాటులో ఉన్నవాళ్లు అప్పటికి ముప్పై ఏళ్లు పెద్దవాళ్లయ్యారు. ఆ కాగితాలు 2003లో జనం ముందుకు వచ్చాక అక్కడి చరిత్రను కొత్తగా రాసుకోవలసి వచ్చింది.

ఇంతకంటే బరువైన అభ్యంతరం ఒకటుంది: సాక్ష్యం ఆయుధమవుతుంది. దానికీ ఐర్లండే రుజువు. 1641 తిరుగుబాటు తర్వాత సుమారు ఎనిమిది వేల వాంగ్మూలాలు తీసుకున్నారు, అందులో చాలా భాగం ప్రొటెస్టంట్లవే. వాటిని పట్టుకుని 1646లో జాన్ టెంపుల్ రాసిన పుస్తకం చావుల సంఖ్యను ఎన్నో రెట్లు పెంచి చెప్పింది. 1649లో క్రామ్‌వెల్ సైన్యం చేసిన ఊచకోతకు ఆ కథలే సమర్థనయ్యాయి. ఒక పక్షాన్నే అడిగితే వచ్చేది అభియోగపత్రం. మనకూ ఆ ప్రమాదం దూరంలో లేదు. ఏటా సెప్టెంబరు 17 వస్తే విమోచనమా, విలీనమా అన్న తగవుతో రోజు గడిచిపోతుంది, ఊళ్లలో జరిగింది మాత్రం అడగకుండానే మిగిలిపోతుంది. రజాకార్ల దాడుల్లో ఇళ్లు కాలినవాళ్లున్నారు. 1948 సెప్టెంబరులో భారత సైన్యం వచ్చాక ఊరి కసికి బలైన ముస్లిం కుటుంబాలున్నాయి. నెహ్రూ పంపిన పండిత సుందర్‌లాల్ బృందం 1948 నవంబరు 29 నుంచి డిసెంబరు 21 దాకా తొమ్మిది జిల్లాలు తిరిగింది, తాము వెళ్లని 109 గ్రామాలకు చెందిన అయిదు వందల మందికి పైగా మనుషులను కలిసి అడిగింది. మొత్తం మరణాలు 27 వేల నుంచి 40 వేల మధ్య ఉంటాయని అంచనా వేసింది. అన్నిటికంటే ఎక్కువ దెబ్బతిన్న నాలుగు జిల్లాల్లో ఉస్మానాబాదు, బీదరు, నాందేడులతో పాటు గుల్బర్గా ఉంది. నాటి తాండూరు ఆ జిల్లాలోదే.

పాత గాయాలు కెలకడమెందుకని దశాబ్దాల పాటు ఆ నివేదికను జనానికి అందనివ్వలేదు. ఐర్లండు వాళ్లూ తమ వాంగ్మూలాలను 1921 జూలై దగ్గరే ఆపేశారు, అన్నదమ్ములు చంపుకున్న అంతర్యుద్ధం జోలికి పోలేదు. ఆ జంకు నాకు అర్థమవుతుంది, కానీ దాచినంత మాత్రాన ద్వేషం తగ్గిన దాఖలా నాకు కనబడలేదు. పైగా దాచినప్పుడు పోయేది చెడు ఒక్కటే కాదు. కొన్ని చోట్ల హిందూ నేతగాళ్లు తమ తోటి ముస్లిం నేతగాళ్లకు అడ్డం నిలిచారని, అందులో ప్రాణాలు పోగొట్టుకున్నవాళ్లూ ఉన్నారని ఆ నివేదికే రాసింది. చంపినవాళ్ల కథను పూడ్చిపెడితే కాపాడినవాళ్ల కథా దాంతోనే పోతుంది. 1948లో పదేళ్లున్న పిల్లలకు ఇప్పుడు ఎనభై అయిదు దాటాయి. తాండూరు సంతలో ఇప్పటికీ తెలుగు, కన్నడ, ఉర్దూ కలగలిసి వినబడతాయి. ఎవరి బండిని వెట్టికి పట్టుకెళ్లారు, ఎవరు ఎవరి గడ్డివాములో దాగారు, ఊరు విడిచిన కుటుంబం భూమి తర్వాత ఎవరు దున్నారు అని అడగాలంటే ఆ మూడు భాషలూ వచ్చినవాళ్లు ఇంటింటికీ వెళ్లాలి. ఆ పని వికారాబాదు జిల్లా కాలేజీల చరిత్ర విద్యార్థులు ఈ ఏడాదే మొదలుపెట్టవచ్చు.