టోల్ రుసుము వసూలు గడువు పొడిగింపు: నిబంధనలు, వివాదాలు, న్యాయస్థానాల వైఖరి

గుంటూరు మిర్చి యార్డుకు, పరిసర ప్రత్తి మిల్లులకు సరుకు చేరవేయు లారీలకు 16వ నెంబరు జాతీయ రహదారి ప్రధాన మార్గము. 2010 వరకు 5వ నెంబరు రహదారిగా వ్యవహరింపబడిన ఈ మార్గముపై ఉమ్మడి గుంటూరు, ప్రకాశం జిల్లాల పరిధిలో కాజ, బొల్లాపల్లి, టంగుటూరు టోల్ ప్లాజాలు ఉన్నవి. ట్రాక్టర్లకు రుసుము లేకపోయినను, లారీ చెల్లించు రుసుము కిరాయిలో చేరి తుదకు రైతుపైనను, వర్తకునిపైనను పడుచున్నది. అందువలన వసూలు హక్కు గడువును ఎవరు, ఏ ప్రాతిపదికపై పొడిగించవచ్చునన్న ప్రశ్న ఈ ప్రాంతమునకు ముఖ్యమైనది.

చట్టపరమైన ఆధారము

జాతీయ రహదారుల చట్టము, 1956లోని 7వ సెక్షను రుసుము విధింపునకు అధికారము కల్పించుచున్నది. 1995లో చేర్చిన 8ఎ సెక్షను ప్రకారము ప్రైవేటు సంస్థ ఒప్పందముపై రహదారిని నిర్మించి రుసుమును తానే ఉంచుకొనవచ్చును. పెట్టిన వ్యయము, దానిపై వడ్డీ, సముచిత ప్రతిఫలము, వాహనముల రద్దీ, ఒప్పంద కాలము, ఈ ఐదింటిని దృష్టిలో ఉంచుకొని రేట్లు నిర్ణయించవలెనని ఆ సెక్షను నిర్దేశించుచున్నది. రేట్లు, వసూలు విధానము 2008 నాటి నియమావళికి లోబడి ఉండును.

పొడిగింపునకు మార్గములు

నిర్మించి, నిర్వహించి, బదిలీ చేయు బీఓటీ పద్ధతికి కేంద్రము రూపొందించిన నమూనా ఒప్పందములో రెండు ముఖ్య మార్గములు కలవు.

మొదటిది రద్దీ లెక్క. నిర్ణీత తేదీనాటి వాహన రద్దీ లక్ష్యము కంటే 2.5 శాతమునకు మించి తగ్గినచో, ప్రతి 1 శాతము లోటుకు గడువు 1.5 శాతము చొప్పున, గరిష్ఠముగా 20 శాతము వరకు పెరుగును. 10 శాతము లోటు ఏర్పడినచో 20 ఏళ్ల ఒప్పందము 3 ఏళ్లు పెరుగునన్నమాట. రద్దీ లక్ష్యమును మించినచో ప్రతి 1 శాతమునకు 0.75 శాతము చొప్పున, గరిష్ఠముగా 10 శాతము వరకు గడువు తగ్గును.

రెండవది అనివార్య పరిస్థితులు. వసూలు రోజువారీ సగటులో 90 శాతము కంటే తగ్గినచో, నష్టమునకు అనుపాతములో గడువు పెరుగును. 4 రోజులు 25 శాతము చొప్పున నష్టము వాటిల్లినచో ఒక రోజు పొడిగింపు లభించును. పెద్దనోట్ల రద్దు సమయమున 2016 నవంబరు 9 నుండి డిసెంబరు 2 వరకు, కోవిడ్ సమయమున 2020 మార్చి 26 నుండి ఏప్రిల్ 19 వరకు దేశవ్యాప్తముగా టోల్ వసూలు నిలిచిపోవుట ఇట్టి క్లెయిములకు దారితీసినది.

వివాదముల స్వరూపము

నష్టము ఎన్ని రోజులు, సగటు ఎంత, రద్దీ లెక్క ఎవరిది అన్న అంశములపైనే భేదాభిప్రాయములు తలెత్తును. ఇవి సాధారణముగా 1996 నాటి ఆర్బిట్రేషన్ చట్టము క్రింద పరిష్కారమునకు వెళ్లును. 9వ సెక్షను క్రింద తాత్కాలిక ఉత్తర్వులు కోరవచ్చును. అవార్డును 34వ సెక్షను క్రింద పరిమిత కారణములపై మాత్రమే సవాలు చేయవచ్చును. పొడిగింపు ఏకపక్షమైనదనియో, టెండరు లేకుండ ఇచ్చినదనియో ఆక్షేపించువారు 226వ అధికరణము క్రింద హైకోర్టును ఆశ్రయింతురు.

ఈ విషయమున ప్రధానమైనది నోయిడా టోల్ బ్రిడ్జి కేసు. 1997 నాటి ఒప్పందము ప్రకారము మొత్తము వ్యయముతోపాటు ఏటా 20 శాతము ప్రతిఫలము రాబట్టుకొనువరకు గడువు పెరుగుచునే ఉండును. అలహాబాదు హైకోర్టు 2016 అక్టోబరు 26న ఆ వసూలును నిలిపివేయగా, సుప్రీంకోర్టు 2024 డిసెంబరు 20న ఆ తీర్పును సమర్థించినది. టెండరు లేకుండ హక్కు కట్టబెట్టుటను, సంస్థ తన పెట్టుబడిని లాభముతో సహా రాబట్టుకొనుటను ధర్మాసనము ఎత్తిచూపినది.

గమనింపవలసిన అంశములు

గడువు ముగిసినంత మాత్రమున రహదారిపై రుసుము తప్పక ఆగునని భావించరాదు. ఆ సొమ్ము ఎవరి ఖాతాకు చేరవలెనన్నదే అసలు వివాదము. కావున పొడిగింపు ఉత్తర్వును పరిశీలించునపుడు అది ఒప్పందములోని ఏ నిబంధన క్రింద వెలువడినది, రోజువారీ వసూలు లెక్కలు స్వతంత్రముగా సరిచూడబడినవా, కుదింపు నిబంధనను సైతము వర్తింపజేసిరా అన్న మూడు అంశములు గమనింపవలెను. పొడిగింపు అనుగ్రహము కాదు. లెక్కతో రుజువు చేయవలసిన ఒప్పందపు హక్కు మాత్రమే.